378 ఎపిసోడ్లు, ఒక్క కలం: హెర్బర్ట్ రైనెకర్ స్క్రిప్టుల మీద చర్చ

#1 అరుగు_మీద

జర్మన్ క్రైమ్ సీరియల్ 'డెరిక్' టైటిల్స్ చూస్తే ప్రతి ఎపిసోడ్‌లోనూ రచయితగా ఒకే పేరు: హెర్బర్ట్ రైనెకర్. మన డైలీ సీరియల్‌కి కథ ఒకరిది, స్క్రీన్‌ప్లే ఇంకొకరిది, మాటలు మరొకరివి. అక్కడ మొత్తం కలిపి ఒక్క పేరే. ఆయన ఇంత ఎలా రాశారు, అంతకుముందు ఏం రాసేవారు, ఒక గంట ఎపిసోడ్‌ని ఏ లెక్కన కట్టేవారు, ఆ పద్ధతిలో లోపం ఎక్కడుంది? తెలిసినవాళ్లు వివరంగా చెప్పండి. నటీనటుల సంగతి కాదు, రాత సంగతి కావాలి.

#2 కాగితం_కలం

ముందు ఆయన ప్రయాణం చెప్తాను, రాత సంగతి దాన్నుంచే అర్థమవుతుంది.

పుట్టింది 1914 డిసెంబర్ 24న, హాగెన్‌లో. చనిపోయింది 2007 జనవరి 27న, మ్యూనిక్‌కి దక్షిణాన స్టార్న్‌బెర్గ్ సరస్సు ఒడ్డున. మొదట పత్రికా రచయిత. నాజీ కాలంలో హిట్లర్ యూత్ పత్రికల్లో పని చేశారు. యుద్ధంలో వాఫెన్ ఎస్‌ఎస్ (నాజీల ఎస్‌ఎస్ సంస్థ సాయుధ దళం) ప్రచార విభాగంలో యుద్ధ విలేకరి. 1944లో వచ్చిన 'యుంగె ఆడ్లర్' స్క్రిప్టును దర్శకుడు ఆల్‌ఫ్రెడ్ వైడెన్‌మన్‌తో కలిసి రాశారు. విమానాల కర్మాగారంలో పనికి కుదిరిన కుర్రాళ్ల కథ, పూర్తిగా ప్రచార చిత్రం.

యుద్ధం తర్వాత అదే వైడెన్‌మన్‌తో మళ్లీ జత కట్టి 'కనారిస్' (1954), 'డేర్ స్టెర్న్ ఫోన్ ఆఫ్రికా' (1957) రాశారు. 1960ల్లో ఎడ్గార్ వాలెస్ నవలల పేరుతో వచ్చిన థ్రిల్లర్ సినిమాల వైపు వెళ్లారు. 'డేర్ హెక్సర్' (1964) అక్కడిదే. 1966 నుంచి ఆ వరుసలో కొన్నిటికి ఆలెక్స్ బెర్గ్ అనే మారుపేరు వాడారు. 'డేర్ మోంఖ్ మిట్ డేర్ పైచె' (1967) ఆ పేరు మీదే ఉంటుంది.

టీవీలో ఆయన్ని నిలబెట్టింది 'డేర్ కొమిస్సార్' అనే పోలీసు సీరియల్. 1969 జనవరి 3న మొదలై 1976 జనవరి 30న ముగిసింది, 97 ఎపిసోడ్లు. దాని వెనకే 'డెరిక్': 1974 అక్టోబర్ 20 నుంచి 1998 అక్టోబర్ 16 వరకు 281. రెండూ కలిపితే 378. 'డేర్ కొమిస్సార్' మొదలైన నాటికి ఆయనకు 54 ఏళ్లు నిండాయి, 'డెరిక్' ముగిసిన నాటికి 83. చాలామంది కలం పక్కన పెట్టే వయసులో ఈయన అసలు పని మొదలైంది.

#3 నిమిషం_పేజీ

కాగితం_కలం గారి తేదీలను కాస్త లెక్క కడదాం. 1969 జనవరి నుంచి 1998 అక్టోబర్ దాకా దాదాపు 30 ఏళ్లు. 378ని 30తో భాగిస్తే ఏడాదికి 12 నుంచి 13. అంటే నెలకు ఒక గంట స్క్రిప్టు చొప్పున, మూడు దశాబ్దాలు ఆగకుండా.

ఒక పేజీకి ఒక నిమిషం అనే మామూలు కొలత పట్టుకుంటే, గంట ఎపిసోడ్ 60 పేజీలు. నెలకు 60 పేజీలు రాయడం గొప్ప కాదు, రోజుకు రెండు పేజీలే కదా. గొప్పంతా నెలకొక కొత్త హత్య, కొత్త కుటుంబం, కొత్త కారణం పుట్టించడంలో ఉంది. పాత రచయితల కలం ఆగేది అక్కడే.

రైనెకర్ ఆ ఇబ్బందిని దాటిన తీరు గమనించండి. ఆయన నేరాన్ని కొత్తగా కనిపెట్టాలని పాకులాడలేదు. విషాలు, తాళాలు, రైలు టైమ్‌టేబుళ్లు, అసాధ్యమనిపించే గది హత్యలు ఆయన దగ్గర పెద్దగా కనబడవు. పరిస్థితిని వెతుక్కునేవారు: తండ్రిని ద్వేషించే కొడుకు, భార్య చావు కోసం ఎదురుచూసే భర్త, డబ్బున్న ఇంట్లో ఒంటరిగా మిగిలిన ఆడపిల్ల, తప్పు చేసిన స్నేహితుణ్ని కాపాడాలనుకునే మనిషి. పరిస్థితి దొరికితే హత్య దానంతట అదే వస్తుంది. ఇలాంటి పరిస్థితులకు అంతు ఉండదు. ఒకే పరిస్థితిని ముగ్గురి వైపు నుంచి చెబితే మూడు ఎపిసోడ్లు.

#4 పసుపు_లాంతరు

దూరదర్శన్‌లో వచ్చిన 'ఓల్డ్ ఫాక్స్' కూడా ఈయన రాసిందేనా? రెండూ మ్యూనిక్ పోలీసులే, రెండింటి తీరూ ఒకేలా ఉంటుంది.

#5 కాగితం_కలం

కాదండీ. అది 'డేర్ ఆల్టె', 1977 ఏప్రిల్ 11న మొదలైంది. జీగ్‌ఫ్రీడ్ లోవిట్స్ అందులో కొమిస్సార్ కోస్టర్. తీరు ఒకేలా ఉండడానికి కారణం నిర్మాత. 'డేర్ కొమిస్సార్', 'డెరిక్', 'డేర్ ఆల్టె' మూడూ హెల్ముట్ రింగెల్‌మన్ నిర్మాణమే, మూడూ జెడ్‌డీఎఫ్ ఛానల్‌కే. కాకపోతే 'డేర్ ఆల్టె'కి చాలామంది రచయితలు రాశారు. రెండింటినీ పక్కపక్కన పెట్టి చూస్తే ఒక్క రచయిత ఉంటే ఏమవుతుందో, పదిమంది ఉంటే ఏమవుతుందో బాగా తెలుస్తుంది. 'డేర్ ఆల్టె'లో కథకీ కథకీ నేరం తీరు మారుతుంది. 'డెరిక్'లో నేరం మారినా గొంతు మారదు.

#6 తెరవెనుక_తెర

రింగెల్‌మన్ పేరు వచ్చింది కాబట్టి ఆ ఏర్పాటు ఎలా నడిచిందో చెప్పుకోవాలి. రైనెకర్ నెలకొక గంట కథ రాయగలిగారంటే ఆయన చుట్టూ మారనివి చాలా ఉండేవి.

నిర్మాత మారలేదు. ఛానల్ మారలేదు. ఊరు మ్యూనిక్, దాటితే చుట్టుపక్కల. దర్శకులు కూడా తెలిసినవాళ్లే: థియోడోర్ గ్రేడ్లర్, హెల్ముట్ ఆష్లి, ఆల్‌ఫ్రెడ్ ఫోరర్, జ్బినెక్ బ్రినిఖ్, మళ్లీ మన వైడెన్‌మన్. కొన్ని 'డెరిక్' ఎపిసోడ్లకు డెరిక్ అనే పోలీసు పాత్ర వేసిన హీరో హోర్స్ట్ టాపర్ట్ స్వయంగా దర్శకత్వం వహించారు. పాత్రల్ని కూడా వృథా పోనివ్వలేదు. ఫ్రిట్స్ వెప్పర్ వేసిన హారీ క్లైన్ అనే కుర్ర పోలీసు 'డేర్ కొమిస్సార్'లో పుట్టి, 1974లో 'డెరిక్'కి బదిలీ అయ్యాడు. ఖాళీ అయిన కుర్చీలోకి హారీ తమ్ముడు ఎర్విన్ క్లైన్ వచ్చాడు. ఆ పాత్ర వేసింది వెప్పర్ సొంత తమ్ముడు ఎల్మార్.

స్క్రిప్టు రాసేవాడికి దీని విలువ ఎంతో ఆలోచించండి. కొత్త సీరియల్‌లో మొదటి 10 పేజీలు పోలీసు ఎవరు, అతని స్వభావం ఏమిటి, సహాయకుడు ఎవరు అని పరిచయం చేయడానికే ఖర్చవుతాయి. రైనెకర్‌కి ఆ 10 పేజీలు మిగిలాయి. వాటిని నేరం జరిగే ఇంటికి ఇచ్చారు.

#7 నిమిషం_పేజీ

మిగిలిన ఆ 10 పేజీలను ఎక్కడ పెట్టారో చూస్తే ఎపిసోడ్ కట్టుబడి కూడా తెలిసిపోతుంది. గడియారం దగ్గర పెట్టుకుని 'డెరిక్' మధ్య కాలం ఎపిసోడ్లు చూడండి, దాదాపు ఈ క్రమమే కనబడుతుంది.

ముందు పోలీసులు లేని ప్రపంచం. ఒక ఇల్లో, బారో, ఆఫీసో. అక్కడ ఎవరో భయపడుతుంటారు, ఎవరో అబద్ధం చెబుతుంటారు. హత్య చూపించాలన్న తొందర ఉండదు. తర్వాత శవం. డెరిక్, హారీ వస్తారు. ఆధారాల పరిశీలన చాలా కొద్దిసేపే, ఫోరెన్సిక్ భాష దాదాపు వినబడదు. అక్కణ్నుంచి ఇంటింటికీ తిరగడం. ఒకరి డ్రాయింగ్ రూమ్, ఇంకొకరి వంటగది, మళ్లీ మొదటి డ్రాయింగ్ రూమ్. కథంతా ఈ 'మళ్లీ'లోనే ఉంది. మొదటిసారి వెళ్లినప్పుడు చెప్పిన మాటకీ మూడోసారి చెప్పిన మాటకీ మధ్య సందులోనుంచి నిజం బయటికొస్తుంది. చివర్లో వెంటాడటాలూ కాల్పులూ అరుదు. ఒక గదిలో ఒక మనిషి కూర్చుని ఒప్పుకుంటాడు, లేదా అతని ముఖమే ఒప్పుకుంటుంది.

దీన్ని అనుకరించి రాయాలనుకునేవాళ్లకు కొలతలు: గంట కథకు పోలీసుల్ని వదిలేసి 7 నుంచి 9 పాత్రలు చాలు, అందులో అనుమానించదగ్గవాళ్లు ముగ్గురు లేదా నలుగురు. ప్రధాన స్థలాలు 5 లేక 6. ఒక్కో స్థలానికి కనీసం రెండుసార్లు వెళ్లాలి. ఒక్కసారి వెళ్లి వదిలేసే స్థలాలు మూడు దాటితే కథ ఊళ్లు పట్టుకు తిరిగినట్టు అవుతుంది, షూటింగ్ ఖర్చూ పెరుగుతుంది. ఒక రోజులో ఒకే ఇంట్లో నాలుగు సన్నివేశాలు తీయగలిగితే నిర్మాత సంతోషిస్తాడు. అదే నాలుగు సన్నివేశాలు నాలుగు చోట్ల రాస్తే లైట్లు, వాహనాలు కదిలించడానికే సగం రోజు పోతుంది.

#8 పసుపు_లాంతరు

మొదట్లో 'డెరిక్'లో హంతకుడెవరో ముందే చెప్పేసేవారట కదా. మరి ఈ క్రమం ఎలా కుదిరింది?

#9 తెరవెనుక_తెర

నిజమే. తొలి ఎపిసోడ్ 'వాల్డ్‌వేగ్' నుంచి కొంతకాలం ఆ పద్ధతిలోనే సాగింది. నేరం చేసింది ఎవరో చూసేవాడికి తెలుసు, డెరిక్‌కి తెలియదు. అమెరికన్ 'కొలంబో' తరహా. తర్వాత క్రమంగా దాన్ని వదిలి, హంతకుడెవరు అన్న ప్రశ్నతో నడిచే పాత దారికి వచ్చేశారు.

ఈ మార్పు రాతపరంగా చాలా పెద్దది. హంతకుడు ముందే తెలిస్తే కథ బరువంతా ఇద్దరి మీద పడుతుంది: పోలీసు, హంతకుడు. హంతకుడి పాత్రకి గట్టి నటుడు కావాలి, పోలీసు వేసే ప్రతి ప్రశ్నా ఒక ఎత్తు కావాలి. ప్రశ్న కాస్త మందగించినా, 'మాకు తెలిసిందే కదా, ఇతనికి ఇంకా ఎప్పుడు తెలుస్తుంది' అని చూసేవాడికి విసుగొస్తుంది. హంతకుడు తెలియకపోతే బరువు నలుగురైదుగురికి పంచబడుతుంది. నెలకొకటి రాయాల్సిన మనిషికి రెండోదే నిలకడైన దారి. నా అభిప్రాయంలో మాత్రం ఆయన స్వభావానికి సరిపోయింది మొదటిదే. ఆయనకు కావలసింది 'ఎవరు' కాదు, 'ఎందుకు'. ఆ తొలి ఎపిసోడ్లలో ఉన్న ఒత్తిడి తర్వాత రాలేదు.

#10 కాగితం_కలం

ఆ చివరి మాటతో నేను ఏకీభవించను. 1970ల చివర, 1980ల మొదట్లో వచ్చిన ఎపిసోడ్లలోనే ఆయన మాటల రచన బాగా కుదిరింది. 'ఎవరు' అన్న ప్రశ్న పేరుకు ఉన్నా, సగంలోనే చూసేవాడికి అర్థమైపోతుంది. మిగతా సగం ఆ మనిషి ఎంతకాలం తట్టుకుంటాడన్నదే. అంటే మొదటి పద్ధతినే రెండో పద్ధతి లోపల దాచుకున్నారు.

ఆయన మాటల తీరు గురించి ఒక ముక్క. వాక్యాలు చాలా పొట్టివి. ఎదుటివాడి మాటను తిరిగి అనడం ఆయన అలవాటు. నేను కట్టిన నమూనా చూడండి:

"రాత్రి ఇంట్లో లేడు."
"ఇంట్లో లేడా?"
"లేడు. ఎప్పుడూ ఉండడు."
"ఎప్పుడూ?"

దీనివల్ల మూడు లాభాలు. చూసేవాడు విషయం జారవిడుచుకోడు. నటుడికి మౌనం దొరుకుతుంది. ప్రశ్న అడిగినట్టే లేకుండా ప్రశ్న పడుతుంది. 'ఎప్పుడూ' అన్న ఒక్క మాట రెట్టించగానే కుటుంబం లోపలి తలుపు తెరుచుకుంటుంది.

#11 నిమిషం_పేజీ

అదే మందు ఎక్కువైతే విషమైంది కూడా. 1980ల చివర నుంచి అందరూ అలాగే మాట్లాడటం మొదలుపెట్టారు. బ్యాంకు యజమాని, బారులో పనిచేసే కుర్రాడు, 17 ఏళ్ల అమ్మాయి, ముసలి పనిమనిషి, అందరిదీ ఒకే లయ. మాట రెట్టించడం డెరిక్ ఒక్కడి ఆయుధంగా ఉన్నంతకాలం పదునుగా ఉంది. పదిమంది చేతికీ ఇస్తే మొద్దుబారింది. పేజీ పరీక్ష ఒకటి ఉంది: పాత్రల పేర్లు చేత్తో మూసి మాటలు మాత్రమే చదవాలి. ఎవరు మాట్లాడుతున్నారో తెలియకపోతే ఆ సన్నివేశం తిరిగి రాయాల్సిందే. చివరి దశ ఎపిసోడ్లలో చాలా సన్నివేశాలు ఈ పరీక్షలో నెగ్గవు.

రెండో లోపం ఉపదేశం. మొదట్లో డెరిక్ ప్రశ్నలు అడిగేవాడు. రానురాను సమాజం, డబ్బు, చెడు, మనిషి ఒంటరితనం మీద తీర్పులు చెప్పసాగాడు. కేసు ఆగిపోయి ప్రసంగం సాగుతుంది.

ఈ రెండింటికీ కారణం ఒకటే. స్క్రిప్టును ఎదిరించేవాడు లేడు. పదిమంది రచయితలుంటే ఒకరి అలవాటును ఇంకొకరు పట్టుకుంటారు. 200 ఎపిసోడ్లు విజయవంతంగా రాసిన మనిషికి 201వ దాంట్లో 'ఈ పేజీ తీసేయండి' అని చెప్పే ధైర్యం ఎవరికుంటుంది?

#12 అరుగు_మీద

"హారీ, బండి తీసుకురా" అన్న డైలాగ్ ఆయన రాసినవాటిలో అన్నిటికంటే ప్రసిద్ధం అంటారు. అది ఏ ఎపిసోడ్‌లోది?

#13 తెరవెనుక_తెర

'డెరిక్'లో ఏ ఎపిసోడ్‌లోనూ ఆ వాక్యం ఆ రూపంలో లేదు. రెండో ఎపిసోడ్ 'యొహానా'లో దానికి దగ్గరగా, బండి వెంటనే కావాలి అని డెరిక్ హారీతో అంటాడు. జనం దాన్ని చెక్కి చెక్కి ఒక సామెతలా చేసుకున్నారు.

అయినా ఆ వాక్యం ఎందుకు అతుక్కుందో రాత నేర్చుకునేవాళ్లు ఆలోచించాలి. హారీ పాత్రకు స్క్రిప్టు ఇచ్చిన పని నిజంగా అంతే. సహాయకుడికి రెండు పనులు ఉండొచ్చు: పోలీసు ఆలోచనను పైకి అనిపించడం, లేదా దాన్ని ఎదిరించడం. రైనెకర్ మొదటిదే ఇచ్చారు. మన డిటెక్టివ్ నవలల్లో యుగంధర్ పక్కన రాజు ఉన్నట్టు. ఎదిరించే సహాయకుడు ఉంటే ఇద్దరి మధ్య గొడవకే 8, 10 నిమిషాలు పోతాయి, ఆ నిమిషాలు ఆయన అనుమానితుల కుటుంబానికి కావాలి. డెరిక్‌కి సొంత జీవితం దాదాపు లేకపోవడానికీ ఇదే కారణం. తొలినాళ్లలో అక్కడక్కడా స్నేహితురాళ్లు కనిపిస్తారు, తర్వాత అదీ పోయింది.

#14 రాతి_పలక

ఇంతవరకు రాత గురించే నడిచింది. #2లో ఒక్క వాక్యంలో దాటిపోయిన సంగతి దగ్గరికి వెనక్కి వెళ్లాలి.

రైనెకర్ నాజీ కాలంలో ఏదో బతుకుదెరువు కోసం రాసిన చిన్న ఉద్యోగి కాదు. పిల్లల పత్రికలకు సంపాదకత్వం వహించారు, నాటకాలు రాశారు, ఎస్‌ఎస్ పత్రిక 'దాస్ ష్వార్ట్సె కోర్' లో రాశారు. ఓటమి ఖాయమైన 1945లో కూడా పోరాటం ఆపొద్దనే ధోరణిలో రాశారు. తర్వాత ఈ గతాన్ని ఆయన దాచలేదు, 1990లో ఆత్మకథ కూడా ప్రచురించారు. కానీ అందులో కనిపించేది తనను కాలం మోసుకుపోయిందన్న మాటే ఎక్కువ, తాను రాసినదాని ఫలితం ఎవరి మీద పడిందన్న మాట తక్కువ. 2010లో ఆయన మీద 'రైనెకర్‌లాండ్' అనే పరిశోధన గ్రంథం వచ్చింది.

ఇప్పుడు స్క్రిప్టుల వైపు తిరగండి. 378 కథల్లోనూ ఎడతెగకుండా వచ్చే వస్తువు అపరాధం: తప్పు చేసినవాడు, చూసి ఊరుకున్నవాడు, తెలిసీ చెప్పనివాడు. 1970ల పశ్చిమ జర్మనీలో 50, 60 ఏళ్ల పెద్దమనుషుల ఇళ్లలోకి డెరిక్ ప్రతినెలా వెళ్తాడు. వాళ్లు 1940ల్లో ఏం చేశారని మాత్రం అడగడు. నాజీ కాలం నేరుగా కథలోకి రావడం చాలా అరుదు. అపరాధం ఉంటుంది, దానికి సంవత్సరం ఉండదు. ఆయన రచనకున్న అతి పెద్ద లోపం ఇదే, మాట రెట్టించడం కాదు.

#15 కాగితం_కలం

మీరు గుర్తుచేయడం మంచిదైంది, నేను మరీ తొందరగా దాటేశాను. ఒక్క విషయం వేరుచేసి చెప్పాలి. 2013లో వార్తల్లోకెక్కింది టాపర్ట్ గతం. ఆయన చనిపోయింది 2008లో. వాఫెన్ ఎస్‌ఎస్‌లో పనిచేశారని ఐదేళ్ల తర్వాత బయటపడింది, జెడ్‌డీఎఫ్ పాత ఎపిసోడ్ల పునఃప్రసారం ఆపేసింది. రైనెకర్ గతం అంతకు ఎన్నో ఏళ్ల ముందే అందరికీ తెలుసు, తెలిసే ఆయన చేత రాయించుకున్నారు. రెండింటినీ కలిపి రాసే వ్యాసాలు చాలా కనబడుతున్నాయి, జాగ్రత్తగా చదవాలి.

మీ చివరి వాక్యం గురించి: అపరాధానికి సంవత్సరం లేకపోవడమే ఆ సీరియల్ 100కు పైగా దేశాలకు అమ్ముడవడానికి ఒక కారణమనుకుంటాను. ఏ దేశంవాడు చూసినా తన వీధిలోని పెద్దింటి కథలాగే ఉంటుంది. ఇది సమర్థన కాదు. అమ్ముడుపోయినదీ దాటవేసినదీ ఒకటేనని చెప్పడం.

#16 రాతి_పలక

అవును, దాన్ని ఒప్పుకుంటాను. పోలికకి ఇంకో రచయితను తీసుకోండి, వోల్ఫ్‌గాంగ్ మెంగె, 1924లో పుట్టారు. ఈయనా పత్రికల నుంచి వచ్చినవారే. 1958లో మొదలైన 'స్టాల్‌నెట్స్' అనే పోలీసు సీరియల్‌కి రాశారు. దానికి ఆధారం నిజమైన కేసులు. మెంగె అక్కడ ఆగలేదు. 1970లో 'దాస్ మిలియోనెన్‌ష్పీల్' రాశారు: డబ్బు కోసం ఒక మనిషిని వేటాడే టీవీ ఆట. 1973లో 'స్మోగ్', రూర్ ప్రాంతాన్ని విషపు పొగ కమ్మేస్తే ఏమవుతుందో వార్తా ప్రసారంలా చూపించారు. అదే ఏడాది 'ఐన్ హెర్ట్స్ ఉంట్ ఐనె జేలె' హాస్య ధారావాహిక, అందులో నోటిదురుసు తండ్రి పాత్ర జర్మన్ మధ్యతరగతికి అద్దం పట్టింది. మెంగె నేర కథతో మొదలై దేశాన్ని ప్రశ్నించడానికి వెళ్లారు. రైనెకర్ నేర కథలోనే ఇల్లు కట్టుకున్నారు.

#17 అరుగు_మీద

చాలా విషయాలు తెలిశాయి. ఇక నాలో మిగిలిన ప్రశ్న: ఈ రోజుల్లో జర్మనీలో ఎవరైనా క్రైమ్ స్క్రిప్టు రచయిత కావాలనుకుంటే దారి ఏది? మనవాళ్ల పిల్లలు కొందరు అక్కడ ఫిల్మ్ స్కూళ్లకు దరఖాస్తు పెడుతున్నారు కాబట్టి అడుగుతున్నాను.

#18 రెండో_డ్రాఫ్ట్

రైనెకర్ దారి ఇప్పుడు లేదు. దాన్ని చూసి ప్రణాళిక వేసుకోవద్దని ముందే చెప్తున్నాను.

ఏఆర్‌డీలో ఆదివారం రాత్రి 8:15కు వచ్చే 'టాటోర్ట్'ని తీసుకోండి. 1970 నవంబర్ 29న మొదలైంది, 1,200 సినిమాలు దాటింది. దాన్ని రూపొందించింది డబ్ల్యూడీఆర్ ఛానల్‌లో పనిచేసిన గుంటర్ విట్టె. ఆలోచన చాలా సూటిది: ఏఆర్‌డీ అంటే ప్రాంతీయ ఛానళ్ల కూటమి కాబట్టి, ఒక్కో ఛానల్ తన ప్రాంతం నుంచి తన పోలీసుతో సినిమా తీస్తుంది. మొదటిది 'టాక్సీ నాఖ్ లైప్‌త్సిగ్', హాంబుర్గ్ పోలీసు ట్రిమ్మెల్ కథ, రాసింది ఫ్రీడ్‌హెల్మ్ వెరెమెయర్. ఇక్కడ ఏ ఒక్క జట్టుకీ ఏడాదికి ఒకటి నుంచి మూడు సినిమాలకు మించి రావు, అవి కూడా వేర్వేరు రచయితలకు వెళ్తాయి. ఏడాదికి 12 రాయడం అన్నది ఈ ఏర్పాటులో కుదరదు. ఒకటి ఆమోదం పొందితే మంచి ఏడాది, రెండయితే చాలా మంచి ఏడాది.

అడుగులు ఇవి. మొదట ఎక్స్‌పోజే, అంటే కథ సారాంశం: 3 నుంచి 8 పేజీలు. హత్య, కారణం, హంతకుడు, ముగింపు అన్నీ ఇందులోనే చెప్పాలి. మన అలవాటులో 'ముగింపు వెండితెర మీద చూడండి' అని దాచిపెడతారు, అక్కడ దాచితే కాగితం చెత్తబుట్టలోకి పోతుంది. ఛానల్ ఎడిటర్‌కి నచ్చితే ట్రీట్‌మెంట్: 20, 30 పేజీలు, సన్నివేశాల వరుసలో, మాటలు లేకుండా. ఆ తర్వాత పూర్తి స్క్రిప్టు. సినిమా నిడివి 90 నిమిషాలకు కాస్త తక్కువ, కాబట్టి 90, 100 పేజీలు. దీనికి నాలుగైదు డ్రాఫ్టులు మామూలే. షూటింగ్ రోజులు 22 అటూఇటూ, అందుకే రెండో డ్రాఫ్టు నుంచే రాత్రి సన్నివేశాలూ జనసమూహాలూ ఎన్ని ఉన్నాయో లెక్కపెడతారు.

చెల్లింపు ఒకేసారి రాదు. ఒప్పందం, ట్రీట్‌మెంట్, మొదటి డ్రాఫ్టు, ఆమోదం, ఇలా విడతలుగా వస్తుంది. ఇక్కడే ఎక్కువమంది దెబ్బతింటారు. ట్రీట్‌మెంట్ తర్వాత ఛానల్ ఆగిపోతే మిగతా విడతలు ఉండవు, రాసింది ఎవరిదన్న ప్రశ్న మిగులుతుంది. ఒప్పందంలో రెండు చూడాలి: పని మధ్యలో ఆగితే హక్కులు ఎన్నాళ్లకు తిరిగొస్తాయి, ఇంకో రచయితను తెస్తే టైటిల్స్‌లో పేరు ఎలా వేస్తారు. మూడోది పునఃప్రసారం. అన్ని హక్కులూ ఒకే మొత్తానికి ఇచ్చేసే ఒప్పందాన్ని అక్కడ బైఅవుట్ అంటారు. అది పెద్ద మొత్తంలా కనిపిస్తుంది, పదేళ్లు మళ్లీమళ్లీ వేస్తే అప్పుడు నష్టం తెలుస్తుంది. 2002లో సవరించిన జర్మన్ కాపీరైట్ చట్టం రచయితకు తగిన ప్రతిఫలం ఇవ్వాలంటుంది, సంతకం చేసే ముందు ఆ కోణంలో చూపించుకోవాలి. ఫౌగే వోర్ట్ అనే సంస్థలో సభ్యత్వం తీసుకుని ప్రసారమైన ప్రతి రచననూ నమోదు చేయాలి. ప్రైవేటు కాపీలు, కేబుల్ పునఃప్రసారాల మీద రచయితలకు చెందే డబ్బును అది పంచుతుంది. నమోదు చేయకపోతే రాదు.

#19 తెరవెనుక_తెర

పై వివరానికి ఒకటి చేర్చాలి. 2018లో జర్మన్ స్క్రిప్టు రచయితలు కొందరు 'కొంట్రాక్ట్ 18' అనే ప్రతిజ్ఞతో ముందుకొచ్చారు. 'వైసెన్‌జే', 'కుడమ్ 56' రాసిన ఆనెట్ హెస్ అందులో ప్రముఖులు. కోరింది సూటిగా ఉంటుంది: దర్శకుడి ఎంపికలో రచయిత మాట ఉండాలి, నటులు స్క్రిప్టు చదివే సమావేశానికి పిలవాలి, ఎడిటింగ్ తొలి రూపాన్ని చూపించాలి, ప్రచారంలో రచయిత పేరు వేయాలి. ఇవి లేని ఒప్పందంపై సంతకం చేయబోమన్నారు.

దీన్ని రైనెకర్ పక్కన పెట్టి చూడండి. ఆయనకు ఇవేవీ అడగాల్సిన అవసరం రాలేదు. సీరియల్ అంటేనే ఆయన. తర్వాతి తరం ప్రతి అడుగూ కాగితం మీద రాయించుకోవాల్సి వచ్చింది. ఆయనకున్న స్థానం ఒక్కరికి దక్కింది, ఇప్పటివాళ్లు అడుగుతున్నది అందరికీ.

#20 నిమిషం_పేజీ

#11లో ఎదిరించేవాడు లేక రాత మొద్దుబారిందన్నాను. రెండో_డ్రాఫ్ట్ గారు చెప్పిన దారిలో దానికి వ్యతిరేక రోగం ఉంది. నాలుగైదు డ్రాఫ్టుల్లో ఎడిటర్, నిర్మాత, దర్శకుడు తలో మాట చెబుతారు. వాటన్నిటినీ ఒప్పుకుంటూ పోతే ఎవరికీ నచ్చకుండా పోని, ఎవరి గొంతూ వినబడని స్క్రిప్టు మిగులుతుంది. నివారణ: ప్రతి సమావేశం తర్వాత వచ్చిన సూచనల్ని రెండు కుప్పలు చేయాలి. ఒకటి సమస్య చెప్పేవి ('ఈ అక్క ఎందుకు అబద్ధమాడిందో నాకు అర్థం కాలేదు'), రెండు పరిష్కారం చెప్పేవి ('అక్కను తమ్ముడిగా మార్చండి'). మొదటి కుప్పను దాదాపు ఎప్పుడూ వినాలి. రెండో కుప్ప వెనక ఏ సమస్య దాగుందో అడిగి తెలుసుకుని, పరిష్కారం మాత్రం సొంతంగా రాయాలి.

#21 అరుగు_మీద

చివరిగా ఒక్కటి. రాత కోసం చూడాలంటే ఏ ఎపిసోడ్లతో మొదలుపెట్టాలి?

#22 కాగితం_కలం

మూడు చాలు. 'డేర్ కొమిస్సార్' మొదటిది, 'టోటర్ హెర్ ఇమ్ రేగెన్'. జర్మనీలో 1967 ఆగస్టులోనే రంగుల ప్రసారం మొదలైనా ఈ సీరియల్ చివరిదాకా నలుపు తెలుపులోనే ఉంది. ఎరిక్ ఓడె వేసిన కొమిస్సార్ కెలర్ ఎంత తక్కువ మాట్లాడతాడో లెక్కపెట్టండి. తర్వాత 'డెరిక్' మొదటిది 'వాల్డ్‌వేగ్', హంతకుడు ముందే తెలిసిన కథ ఎలా నడుస్తుందో చూడటానికి. మూడోది 281వది, 'దాస్ ఆబ్‌షీడ్స్‌గెషెంక్'.

చూసేటప్పుడు కాగితాన్ని నాలుగు గడులు చేసుకోండి: సన్నివేశం మొదలైన నిమిషం, స్థలం, ఎవరెవరు ఉన్నారు, సన్నివేశం ముగిసేసరికి పోలీసుకు కొత్తగా ఏం తెలిసింది. నాలుగో గడి ఖాళీగా మిగిలిన సన్నివేశాలకు గుర్తు పెట్టండి. 'వాల్డ్‌వేగ్'లోనూ 281వ దాంట్లోనూ ఆ గుర్తులు ఎన్నో విడివిడిగా లెక్కపెట్టి ఇక్కడ రాయండి, #9, #10లో తెరవెనుక_తెర గారికీ నాకూ తేలని మాట దాని మీద మాట్లాడుకుందాం.

#23 తెరవెనుక_తెర

281వది చూసేటప్పుడు డెరిక్‌కి రైనెకర్ ఇచ్చిన వీడ్కోలునూ గమనించండి. చంపలేదు, ఇంటికీ పంపలేదు. యూరప్ దేశాల ఉమ్మడి పోలీసు సంస్థ యూరోపోల్‌లో పెద్ద పదవి ఇచ్చి పంపించారు. 24 ఏళ్లు మ్యూనిక్ డ్రాయింగ్ రూములు దాటని పోలీసుకు చివరికి దేశం దాటే ఉద్యోగం రాశారు.